ఎన్ఎల్‌పీలో ఇంద్రియ ప్రాతినిధ్య వ్యవస్థలు: ఒక విమర్శనాత్మక పరిశీలన

సంప్రదింపు తరగతుల్లో ఏటా కనీసం ఒకరిద్దరు విద్యార్థులైనా అనే మాట ఒకటుంది. "సార్, నేను విజువల్ టైపు. పుస్తకం చదివితే నాకు ఎక్కదు, బొమ్మ చూస్తేనే ఎక్కుతుంది." ఈ సంగతి ఎలా తెలిసిందని అడిగితే కొందరు వ్యక్తిత్వ వికాస తరగతి పేరు చెబుతారు, కొందరు యూట్యూబ్ వీడియో అంటారు, ఇంకొందరు ఉద్యోగంలో చేరినప్పుడు ఇచ్చిన శిక్షణ అంటారు. దూరవిద్యలో చదివేవారికి ప్రధాన ఆధారం అచ్చు పాఠమే. 'నాకు అచ్చు ఎక్కదు' అని తనకు తానే ముద్ర వేసుకున్న విద్యార్థి ఆ పుస్తకాన్ని మూసి పక్కన పెడితే నష్టం ఎవరికో చెప్పనక్కర్లేదు. అందువల్ల ఆ ముద్ర ఎక్కడ పుట్టింది, దానికున్న ఆధారం ఎంత అన్న రెండు ప్రశ్నలను ఈ పాఠంలో కాస్త నింపాదిగా పరిశీలిద్దాం.

ఈ ముద్రకున్న మూలాల్లో ముఖ్యమైనది న్యూరో-లింగ్విస్టిక్ ప్రోగ్రామింగ్. పొడి అక్షరాల్లో ఎన్ఎల్‌పీ అంటారు. 1970ల మొదట్లో అమెరికాలోని కాలిఫోర్నియా విశ్వవిద్యాలయం శాంటా క్రూజ్ ప్రాంగణంలో రిచర్డ్ బ్యాండ్లర్ అనే విద్యార్థి, జాన్ గ్రిండర్ అనే భాషాశాస్త్ర అధ్యాపకుడు కలిసి దీన్ని రూపొందించారు. గెస్టాల్ట్ చికిత్సకు ఆద్యుల్లో ఒకరైన ఫ్రిట్జ్ పెర్ల్స్, కుటుంబ చికిత్సలో వర్జీనియా సతీర్, హిప్నాసిస్‌లో మిల్టన్ ఎరిక్సన్ అప్పట్లో చాలా పేరున్న చికిత్సకులు. వీరు తమ దగ్గరికి వచ్చినవారితో ఎలా మాట్లాడుతున్నారో గమనించి, ఆ నేర్పును సూత్రాలుగా రాస్తే ఎవరైనా నేర్చుకోవచ్చునని బ్యాండ్లర్, గ్రిండర్ భావించారు. 1975, 1976 సంవత్సరాల్లో రెండు సంపుటాలుగా వెలువడిన 'ది స్ట్రక్చర్ ఆఫ్ మేజిక్' ఆ ప్రయత్నానికి ఫలితం. ఆ ఆశయాన్ని తప్పుపట్టడానికేమీ లేదు. ఫలానా డాక్టరుగారి హస్తవాసి మంచిదని ఊరంతా అంటుంటే, ఆ హస్తవాసిలో ఏముందో విప్పి చూడాలనుకోవడం శాస్త్రబుద్ధి ఉన్నవారు చేసే పనే. విప్పి చూశాక కనిపించిందని చెప్పినది నిజంగా ఉందా అన్నదే ప్రశ్న.

వారు చెప్పినది స్థూలంగా ఇది. మనిషి ప్రపంచాన్ని ఇంద్రియాల ద్వారా గ్రహిస్తాడు. గ్రహించిన దాన్ని మనసులో కూడా ఇంద్రియ రూపంలోనే నిలుపుకుంటాడు: బొమ్మగా, ధ్వనిగా, స్పర్శ లేదా శరీరానుభూతిగా. రుచి, వాసనలు కూడా ఉన్నాయి కానీ వాటికి ఈ సిద్ధాంతంలో పాత్ర తక్కువ. ఈ మార్గాలకు వారు పెట్టిన పేరు ప్రాతినిధ్య వ్యవస్థలు. ఇక్కడి వరకు పెద్దగా అభ్యంతరం ఉండదు. అసలు వాదన దీని తర్వాత మొదలవుతుంది. ప్రతి మనిషీ వీటిలో ఒకదానివైపు ఎక్కువగా మొగ్గుతాడట. దాన్ని అతని 'ప్రధాన ప్రాతినిధ్య వ్యవస్థ' అన్నారు. అది బయటికి రెండు విధాలుగా తెలుస్తుందట: ఒకటి అతను వాడే క్రియల వల్ల, రెండోది ఆలోచించేటప్పుడు కళ్లు కదిలే దిక్కు వల్ల. కౌన్సెలర్ ఆ వ్యవస్థను కనిపెట్టి అదే ఇంద్రియానికి చెందిన మాటలతో బదులిస్తే ఎదుటివారికి నమ్మకం కుదురుతుందని, చికిత్స సులువవుతుందని చెప్పారు.

ఈ వాదనలో ఒక మంచి గుణం ఉంది. అది స్పష్టమైనది కాబట్టి పరీక్షకు లొంగుతుంది. పరీక్షకు లొంగని వాదన తప్పని తేల్చడానికి వీలుండదు, ఒప్పని తేల్చడానికీ వీలుండదు. మరో మాట కూడా ఇక్కడే చెప్పాలి. పేరులో 'న్యూరో' ఉన్నంత మాత్రాన దీన్ని నాడీశాస్త్రం అనుకోకండి. ఈ పుస్తకాలు మెదడును కొలిచి రాసినవి కావు, సంభాషణలను విని రాసినవి. పేరు గొప్పతనాన్ని ఆధారం కింద జమకట్టే అలవాటు మనలో చాలామందికి ఉంది. జమాఖర్చులు చూసేటప్పుడు అది పనికిరాదు.

ముందు క్రియల సంగతి చూద్దాం. ఇంగ్లీషులో 'నాకు అర్థమైంది' అనడానికి చూడటాన్ని తెలిపే 'సీ' అనే క్రియను వాడతారు. వినికిడికి, పట్టుకోవడానికి సంబంధించిన పలుకుబళ్లు కూడా ఇలాగే వాడుకలో ఉన్నాయి. ఇవి కేవలం అలంకారాలు కావు, మనసులో జరిగేదానికి అచ్చమైన వర్ణనలు అని బ్యాండ్లర్, గ్రిండర్ల అభిప్రాయం. అంటే 'సీ' అన్న మనిషి నిజంగానే లోపల బొమ్మ చూస్తున్నాడన్నమాట.

ఈ కొలబద్దను మన భాష మీద పెట్టి చూడండి. అన్నట్టు, 'పెట్టి చూడండి' అన్నాను. ఇందులో కంటితో చూసేదేమీ లేదు. అడిగి చూస్తాను, చేసి చూద్దాం, తిని చూడు, విని చూడు అన్నప్పుడు 'చూడు' సహాయక క్రియ మాత్రమే, ప్రయత్నించడం అని దాని అర్థం. తెలుగులో రుచి కూడా 'చూస్తాం', వాసన కూడా 'చూస్తాం'. పులుసులో ఉప్పు చూడమంటే నాలుకతో చూడమని. నాడి చూడటం వేళ్లతో చేసే పని. సంబంధాలు చూస్తాం, ముహూర్తం చూస్తాం, ముసలి తల్లిని చూసుకుంటాం. క్రియలు లెక్కపెట్టి మనిషి ఏ రకమో తేల్చడం మొదలుపెడితే తెలుగువాళ్లంతా విజువల్ టైపే అవుతారు. పుట్టుకతో చూపులేని తెలుగు మనిషి కూడా రుచి చూస్తాననే అంటాడు.

మిగతా క్రియల గతీ అంతే. 'ఈ పిల్లవాడు చెప్పిన మాట వినడు' అంటే చెవికి సంబంధించిన ఫిర్యాదు కాదు, లోబడడని అర్థం. 'ఆ ఆలోచన నాకు తట్టలేదు' అన్నవారిని స్పర్శ వర్గంలో వేయాలా? 'ఆయన నిర్ణయం నాకు మింగుడుపడలేదు' అన్న పెద్దమనిషిని ఏ ఇంద్రియం కింద రాయాలి? తెలుగులో వెలువడిన వ్యక్తిత్వ వికాస పుస్తకాలు ఇంగ్లీషు పట్టికలను అనువదించి మూడు వరుసల్లో పేరుస్తున్నప్పుడు ఈ చిక్కును పట్టించుకోవడం లేదు. భాష మనిషికి పుట్టుకతో సంక్రమించిన ఆస్తి. అందులోని నుడికారాన్ని వాడినంత మాత్రాన అతని మనసు లోపలి అమరిక బయటపడదు.

ఇది తెలుగుకు మాత్రమే ఉన్న విశేషం కాదు. ఇంద్రియ క్రియలను అనేక భాషల్లో పోల్చి చూసిన స్వీడన్ భాషావేత్త ఓకె వీబెర్గ్, 1983లో ప్రచురించిన పరిశోధనలో, ఒక ఇంద్రియానికి చెందిన క్రియ మరొక ఇంద్రియానికి విస్తరించేటప్పుడు చూపుకే అగ్రస్థానం ఉంటుందని చూపించాడు. 2015లో మరొక పరిశోధక బృందం 13 భాషల్లో మామూలు సంభాషణలను పరిశీలించి, చూపుకు సంబంధించిన క్రియలే ఎక్కువగా వినిపిస్తాయని తేల్చింది. జార్జ్ లేకాఫ్, మార్క్ జాన్సన్ 1980లో రాసిన 'మెటఫర్స్ వి లివ్ బై' చదివితే, తెలుసుకోవడాన్ని చూడటంగా చెప్పడం ఒక మనిషి ఇష్టాయిష్టాలను మించిన సామూహిక వాడుక అని బోధపడుతుంది. కాబట్టి క్రియల లెక్కలో తేలేది ఎక్కువ భాగం భాష స్వభావం, కొంత భాగం మాట్లాడుతున్న విషయం. సినిమా గురించి మాట్లాడేవాడు చూపు మాటలు వాడతాడు, కచేరీ గురించి చెప్పేవాడు వినికిడి మాటలు వాడతాడు. మనిషి రకం గురించి మిగిలేది ఎంత?

ఇప్పుడు ప్రయోగాల వైపు వద్దాం. మనోవిజ్ఞాన శాస్త్రంలో ఒక గుణాన్ని కొలిచే పరికరాలు రెండు మూడు ఉంటే అవి ఒకదానితో ఒకటి ఏకీభవించాలి. ఒకే బియ్యం బస్తా మూడు కాటాల మీద మూడు బరువులు తూగితే మనం బస్తాను అనుమానించం, కాటాలను అనుమానిస్తాం. 1982లో గమ్, వాకర్, డే అనే పరిశోధకులు ఈ పనే చేశారు. ఒకే వ్యక్తుల ప్రధాన వ్యవస్థను మూడు పద్ధతుల్లో నిర్ణయించారు: వారు వాడిన క్రియలు, వారి కంటి కదలికలు, తమ గురించి తాము చెప్పుకున్నది. మూడు పద్ధతుల ఫలితాలూ కలవలేదు. క్రియలను బట్టి ఒక రకంగా తేలిన మనిషి కళ్లను బట్టి మరో రకంగా తేలాడు. ఈ ఒక్క ఫలితమే గట్టి దెబ్బ. కొలత కుదరని గుణం ఉందో లేదో చెప్పలేం, ఉన్నా దాని ఆధారంగా సలహా ఇవ్వలేం.

కళ్ల విషయంలో ఎన్ఎల్‌పీ ఇచ్చిన పటం చాలా ప్రచారం పొందింది. 1979లో వచ్చిన 'ఫ్రాగ్స్ ఇంటూ ప్రిన్సెస్' వంటి శిక్షణ పుస్తకాల ద్వారా అది అందరికీ చేరింది. కుడిచేతి వాటం ఉన్న మనిషి తన ఎడమవైపు పైకి చూస్తే గతంలో చూసిన బొమ్మను గుర్తు తెచ్చుకుంటున్నాడని, కుడివైపు పైకి చూస్తే కొత్త బొమ్మను కల్పిస్తున్నాడని, పక్కలకు చూస్తే ధ్వనులని, కుడివైపు కిందికి చూస్తే శరీరానుభూతి అని, ఎడమవైపు కిందికి చూస్తే తనలో తాను మాట్లాడుకుంటున్నాడని ఆ పటం చెబుతుంది. 1980లో థామసన్, ఆర్‌బకిల్, కేడీ ఈ పటాన్ని పరీక్షించారు. బొమ్మను, ధ్వనిని, అనుభూతిని తలపించే ప్రశ్నలు వేసి కళ్లు ఏ దిక్కుకు వెళ్తున్నాయో గమనించారు. కదలికలు పటం చెప్పినట్టు లేవు.

పరీక్ష హాల్లో ఇన్విజిలేటర్‌గా నిలబడిన ఎవరికైనా ఒక సంగతి తెలుసు. జవాబు గుర్తుకు రాని విద్యార్థి ఫ్యాను వైపు చూస్తాడు. బొమ్మ కావలసిన ప్రశ్నకూ అంతే, సూత్రం కావలసిన ప్రశ్నకూ అంతే. దీనికి పరిశోధనల్లో మరింత సరళమైన వివరణ దొరుకుతుంది. ప్రశ్న కష్టమైనప్పుడు ఎదుట ఉన్నదాని నుంచి చూపు తిప్పుకోవడం జ్ఞాపకానికి సాయపడుతుందని 1998లో ఆర్థర్ గ్లెన్‌బర్గ్, ఆయన సహచరులు చూపించారు. హోవర్డ్ ఎర్లిచ్‌మన్, డ్రాగానా మిచిచ్ 2012లో రాసిన సమీక్ష ప్రకారం ఆలోచనలో కళ్లు ఎంతగా కదులుతాయన్నది దీర్ఘకాలిక స్మృతిలో ఎంతగా వెతుక్కుంటున్నామన్న దాన్ని బట్టి ఉంటుంది, వెతికేది బొమ్మా ధ్వనా అన్నదాన్ని బట్టి కాదు. చీకట్లో కూడా ఈ కదలికలు ఆగవు.

ఈ పటానికి తర్వాత ఒక ప్రమాదకరమైన తోక పెరిగింది. కుడివైపు పైకి చూస్తే కల్పన కదా, కల్పిస్తున్నాడంటే అబద్ధమాడుతున్నాడు కదా అని కొందరు శిక్షకులు చెప్పసాగారు. న్యాయంగా చెప్పాలంటే ఇది బ్యాండ్లర్, గ్రిండర్లు చేసిన వాదన కాదు, వారి పటం మీద ఇతరులు కట్టిన మేడ. రిచర్డ్ వైజ్‌మన్, కారొలైన్ వాట్, వారి సహచరులు 2012లో దీన్ని మూడు అంచెలుగా పరీక్షించారు. మొదటి ప్రయోగంలో కుడిచేతి వాటం ఉన్న 32 మంది ఒక ఇంటర్వ్యూలో నిజం, మరొక ఇంటర్వ్యూలో అబద్ధం చెప్పారు. ఆ వీడియోల్లో కంటి కదలికలను లెక్కించినవారికి ఏది నిజమో ఏది అబద్ధమో తెలియదు. నిజానికీ అబద్ధానికీ మధ్య కళ్ల దిక్కులో తేడా కనిపించలేదు. రెండో ప్రయోగంలో 50 మంది ఆ వీడియోలు చూశారు. వారిలో కొందరికి ముందుగా ఎన్ఎల్‌పీ పటం గురించి చెప్పారు. తెలిసినవారు తెలియనివారికంటే అబద్ధాన్ని బాగా పట్టుకోలేకపోయారు. మూడోది మరింత ఆసక్తికరమైనది. తమవారు కనిపించడం లేదంటూ పత్రికా సమావేశాల్లో ప్రజలను వేడుకున్నవారి వీడియోలు 52 తీసుకున్నారు. వారిలో సగం మంది అబద్ధమాడినట్టు తర్వాత తేలింది. ప్రాణాల మీదికి వచ్చిన ఆ సందర్భంలో కూడా కళ్లు ఏ రహస్యమూ చెప్పలేదు. ఉద్యోగపు ఇంటర్వ్యూలోనో విచారణలోనో ఫ్యాను వైపు చూసినందుకు అనుమానానికి గురయ్యే అమాయకుడిని తలచుకుంటే ఇది వట్టి పుస్తకాల చర్చ కాదని అర్థమవుతుంది.

కౌన్సెలింగ్‌లో ఎదుటివారి క్రియలతో జత కలిపే పద్ధతి సంగతి ఏమిటి? క్రిస్టఫర్ షార్ప్లీ 1984లో 15 అధ్యయనాలను సమీక్షించాడు. ప్రధాన వ్యవస్థను నమ్మకంగా గుర్తించే మార్గం లేదని, గుర్తించినా అది కాలక్రమంలో నిలకడగా ఉండదని, జత కలపడం కౌన్సెలర్‌కు తోడ్పడుతుందని కూడా నికరంగా తేలలేదని అన్నాడు. మరుసటి ఏడాది ఐన్‌స్ప్రచ్, ఫోర్మన్ 39 అధ్యయనాలను పరిశీలించి ఎదురు జవాబిచ్చారు. పరిశోధకులకు ఎన్ఎల్‌పీ సరిగా తెలియదని, శిక్షణ లేనివారి చేత ప్రయోగాలు చేయించారని, చికిత్సా సందర్భం నుంచి ఒక ముక్కను విడదీసి పరీక్షించారని వారి అభ్యంతరాలు. వీటిలో కొన్ని సమంజసమైనవే. పేలవమైన ప్రయోగంలో నెగ్గనంత మాత్రాన సిద్ధాంతం తప్పయిపోదు. 1987లో షార్ప్లీ 44 అధ్యయనాలతో తిరిగి వచ్చాడు. ఎక్కువ భాగం ఈ సూత్రాలను సమర్థించలేదని చూపించి, ఇక మిగిలింది ఒక్కటే అన్నాడు: ఇన్ని పరీక్షలూ చెల్లవంటే ఈ సిద్ధాంతాన్ని పరీక్షించడానికే వీలులేదని ఒప్పుకోవాలి. అమెరికా సైన్యం కోరిక మీద నేషనల్ రీసెర్చ్ కౌన్సిల్ నియమించిన సంఘం కూడా 1988 నివేదికలో ఎన్ఎల్‌పీ వాదనలకు తగిన ఆధారం దొరకలేదని తేల్చింది.

పోలండ్ మనోవైజ్ఞానికుడు తోమాష్ విట్కోవ్‌స్కీ 2010లో మరో దారి పట్టాడు. ఎన్ఎల్‌పీ సమర్థకులే తమకు ఆధారంగా చూపే పరిశోధనల జాబితాను తీసుకున్నాడు. అందులో 315 పత్రాలున్నాయి. గుర్తింపు పొందిన పత్రికల్లో అచ్చయినవి 63. వాటిలో సూత్రాలను నిజంగా ప్రయోగంతో పరీక్షించినవి 33. ఆ 33లో అనుకూలంగా వచ్చినవి 18.2 శాతం, వ్యతిరేకంగా వచ్చినవి 54.5 శాతం, ఎటూ తేలనివి 27.3 శాతం. జాబితా పొడవు చూసి నమ్మకం పెంచుకోవద్దని నేను విద్యార్థులకు చెప్పేది ఇందుకే. 315 అన్న అంకె వేదిక మీద గంభీరంగా వినిపిస్తుంది. జల్లెడ పట్టాక మిగిలేది ఆరు అధ్యయనాలు.

మరి ఎన్ఎల్‌పీ నేర్చుకున్న కొందరు కౌన్సెలర్లు తమకు ఫలితం కనిపించిందని చెప్పడం అబద్ధమా? కానక్కర్లేదు. నెదర్లాండ్స్‌లో వాన్ బారెన్, ఆయన సహచరులు 2003లో ఒక రెస్టారెంటులో చేసిన ప్రయోగం దీనికి సమాధానం కావచ్చు. భోజనానికి వచ్చినవారు చెప్పిన ఆర్డరును వడ్డించే అమ్మాయి వారి మాటల్లోనే తిరిగి చెప్పినప్పుడు ఎక్కువ టిప్పు వచ్చింది. ఇందులో విజువల్ లేదు, ఆడిటరీ లేదు. నా మాటను శ్రద్ధగా విన్నారన్న తృప్తి ఉంది. కార్ల్ రోజర్స్ సంప్రదాయంలో కౌన్సెలర్ ఎదుటివారి మాటను తిరిగి వారికే వినిపించడం ఎన్ఎల్‌పీ పుట్టకముందు నుంచే ఉన్న పద్ధతి. ఫలితం నిజమే అయినా దానికి చెప్పిన కారణం తప్పు కావచ్చు. విమర్శకుడు ఈ రెండింటినీ విడదీయాలి.

విమర్శలు పెరిగాక ఎన్ఎల్‌పీ రచయితల్లో చాలామంది, ప్రధాన వ్యవస్థ శాశ్వతమైనది కాదని, సందర్భాన్ని బట్టి మారుతుందని సర్దుకున్నారు. ఇది వినయంగా కనిపించే మాటే, కానీ దీనితో సిద్ధాంతంలో సరుకు అయిపోతుంది. చీర కొనేటప్పుడు రంగు చూస్తాం, అంచు తడిమి చూస్తాం. పాట నేర్చుకునేటప్పుడు చెవి పెడతాం. ఇది అందరికీ వర్తించే సంగతి. ఏ ఒక్క మనిషి గురించీ ఇది కొత్తగా ఏమీ చెప్పదు. అయినా శిక్షణ తరగతుల్లో ఇచ్చే ప్రశ్నాపత్రాలు మాత్రం 'మీరు ఏ రకం?' అనే అడుగుతున్నాయి.

ఇంతటితో మనుషుల మధ్య తేడాలే లేవని అనుకోకండి. మనసులో బొమ్మలు కట్టుకునే శక్తి అందరికీ ఒకేలా ఉండదని ఫ్రాన్సిస్ గాల్టన్ 1880లోనే రాశాడు. ఉదయం ఫలహారం చేసిన బల్లను గుర్తు తెచ్చుకోమని అడిగితే కొందరు కళ్లకు కట్టినట్టు వర్ణించారు, కొందరు ఏ బొమ్మా రాదన్నారు. 1890లో విలియం జేమ్స్ దృశ్య, శ్రవణ, చలన రకాల గురించి చర్చించాడు. మనసులో బొమ్మలు అసలే ఏర్పడని స్థితికి ఆడమ్ జేమన్, ఆయన సహచరులు 2015లో 'అఫాంటేసియా' అని పేరు పెట్టారు. ఇవి నిజమైన తేడాలు. అయితే ఈ తేడాలున్నాయన్నది ఒక మెట్టు. అవి క్రియల్లోనూ కంటి కదలికల్లోనూ బయటపడతాయన్నది రెండో మెట్టు. వాటికి అనుగుణంగా బోధిస్తే బాగా నేర్చుకుంటారన్నది మూడో మెట్టు. మొదటి మెట్టు గట్టిగా ఉందని మూడో మెట్టు మీద కాలు వేయలేం.

ఆ మూడో మెట్టును పరీక్షించడం ఎలాగో 2008లో హెరాల్డ్ పాష్లర్, ఆయన సహచరులు స్పష్టంగా చెప్పారు. విద్యార్థులను రకాలుగా విభజించాలి. ప్రతి రకంలోనూ కొందరికి బొమ్మలతో, కొందరికి మాటలతో బోధన చీటీ వేసినట్టు యాదృచ్ఛికంగా కేటాయించాలి. అందరికీ ఒకే పరీక్ష పెట్టాలి. దృశ్య రకం వారికి బొమ్మల బోధన, శ్రవణ రకం వారికి మాటల బోధన ఎక్కువ మార్కులు తేవాలి. ఇలా జరిపిన అధ్యయనాలు చాలా తక్కువని, ఉన్నవాటిలోనూ వాదనకు చెప్పుకోదగ్గ బలం దొరకలేదని వారు రాశారు. 2015లో రోగోవ్‌స్కీ, కాల్‌హూన్, తల్లాల్ పెద్దవయసు వారి మీద చేసిన ప్రయోగం మీకు మరీ దగ్గరిది. ఒకే పుస్తక భాగాన్ని కొందరికి ఆడియోగా వినిపించారు, కొందరి చేత తెర మీద చదివించారు. విని నేర్చుకునే రకం అని తేలినవారు వినడం వల్ల ప్రత్యేకంగా లాభపడలేదు, చదివే రకం వారు చదవడం వల్లా లాభపడలేదు.

బొమ్మలు వద్దని దీని అర్థం కాదు. గుండె నిర్మాణానికి బొమ్మ కావాలి, ఉచ్చారణకు ధ్వని కావాలి, కుట్టుపనికి చేయి ఆడాలి. ఏ ఇంద్రియం కావాలో నిర్ణయించేది విద్యార్థి రకం కాదు, పాఠ్య విషయం. 'చదివితే ఎక్కదు' అన్న విద్యార్థిని ఒకసారి పక్కన కూర్చోబెట్టుకుని పేరా చదివించాను. అతనికి అడ్డుపడినది అచ్చు కాదు, ఆ పేరాలోని నాలుగు పారిభాషిక పదాలు. వాటి అర్థం చెప్పాక మిగతాది తనే చదువుకున్నాడు.

అభ్యాసం: ఒక రోజు మీ ఇంట్లో గంటసేపు జరిగే మాటల్లో 'చూడు', 'విను', 'పట్టు', 'తట్టు' అనే క్రియలు వచ్చిన వాక్యాలన్నీ ఒక కాగితం మీద రాయండి. వాటిలో నిజంగా కంటితో, చెవితో, చేతితో చేసే పనిని తెలిపేవి ఎన్నో గుర్తించండి. తర్వాత మాట్లాడినవారి పేర్లు కొట్టివేసి, ఆ వాక్యాలను మాత్రమే మరొకరికి ఇచ్చి, ఎవరు ఏ 'రకమో' చెప్పమనండి. వారి జవాబునూ, మీ ఇంటివారు తమ గురించి తాము చెప్పుకునేదాన్నీ పక్కపక్కన పెట్టి పోల్చండి.